చిలుక ఎగిరేసరికి గింజ ఖాళీ

పురుగు పట్టిన గోధుమల్లోంచి ఒక గింజ తీసి భూతద్దం కింద పెట్టాను. పైకి చూస్తే దానికేమీ కాలేదు. నిండుగా, నున్నగా ఉంది. ఒక చివర మాత్రం ఆవగింజకంటే చిన్న గుండ్రటి మచ్చ ఒకటి, నూనె అంటిన కాగితంలా పలచగా కనిపించింది. సూది మొనతో దాని అంచు మీద నొక్కితే డబ్బా మూతలా పైకి లేచింది. కింద పిండి లేదు. గుల్ల ఉంది. ఆ గుల్లలో ముడుచుకుని, గోధుమరంగు ప్యూపా ఒకటి, అంటే రెక్కలు రాకముందు కదలకుండా ఉండే దశలోని పురుగు, పడుకుని ఉంది.

ఆ మూత ఎవరు చేశారన్నదే ఈ పురుగు కథలో నాకు అన్నిటికంటే నచ్చే సంగతి. ఇది వడ్ల చిలుక. చిలుక అంటే ఇక్కడ పక్షి కాదు, ధాన్యంలో పెరిగే చిన్న రెక్కల పురుగు. రెక్కలొచ్చిన చిలుకకు కొరికే దవడలు ఉండవు. గింజలో పుట్టి, గింజలోనే పెరిగి, తీరా బయటికి రావాల్సినప్పుడు తొక్కను తొలిచే సాధనం దాని దగ్గర లేదు. అందుకని ఆ పని ముందే, దవడలున్న వయసులో, లార్వాయే, అంటే గుడ్డులోంచి వచ్చిన పిల్ల పురుగే, చేసిపెడుతుంది. తిండి ముగిశాక గింజ తొక్క దాకా సొరంగం తవ్వి, తొక్కను పూర్తిగా తెంపకుండా గుండ్రంగా కొరికి వదిలేస్తుంది. ఆ తర్వాత ప్యూపా అవుతుంది. చివరికి చిలుక వచ్చి తలతో ఒక్క తోపు తోస్తే తలుపు తెరుచుకుంటుంది.

అంటే గింజల మీద మనకు కనిపించే చిల్లులు పురుగు లోపలికి వెళ్లిన దారులు కావు, బయటికి వచ్చిన దారులు. లోపలికి వెళ్లిన దారి మామూలు కంటికి ఆనదు. శుభ్రం చేసి, ఆరబెట్టి, గట్టిగా మూత పెట్టిన డబ్బాలో చిలుకలు ఎక్కణ్ణుంచి వచ్చాయని చాలామంది ఆశ్చర్యపోతారు. పురుగు దానంతటదే పుడుతుందని నమ్మేవాళ్లూ ఉన్నారు. ప్రశ్న సరైనదే, కాకపోతే వెతికే చోటే తప్పు. మూత పెట్టిన తర్వాత ఏం జరిగిందని కాకుండా, మూత పెట్టకముందు ఆ గింజ ఎక్కడ ఉందని అడగాలి.

ఏ పురుగు ఇది

"పురుగు పట్టింది" అన్న ఒక్క మాటలో మనం అరడజను జీవుల్ని కలిపేస్తాం. ముక్కు ఉన్న నల్లటి ముక్క పురుగు వేరు, పిండిలో తిరిగే ఎర్రటి పెంకు పురుగు వేరు, గింజను నుసి చేసే నుసి పురుగు వేరు. ఇవన్నీ పెంకు జాతివి. ఎగిరే చిలుకల్లోనూ రకాలున్నాయి. బియ్యంలో, రవ్వలో, ఎండు పండ్లలో సాలెగూడులాంటి జాలు కట్టి ఉండలు చేసేవి కొన్ని. ఇప్పుడు మాట్లాడుకుంటున్నది జాలు కట్టదు, ఉండలు చేయదు, పిండిలో అసలు బతకదు. దానికి కావాల్సింది పూర్తి గింజ. వడ్లు, గోధుమ, మొక్కజొన్న, జొన్న, బార్లీ ఏదైనా సరే. వడ్ల చిలుక అనీ ధాన్యపు చిలుక అనీ అంటారు. శాస్త్రం పెట్టిన పేరు సిటోట్రోగా సెరియలెల్లా. మొదటి మాటకు గ్రీకులో గింజను కొరికేది అని అర్థం. పేరు పెట్టినవాళ్లు పెద్దగా కష్టపడలేదు.

చిలుక చాలా చిన్నది. రెక్కలు పూర్తిగా చాపినా ఒకటి, ఒకటిన్నర సెంటీమీటర్ల లోపే. ఎండుగడ్డి రంగు. వాలి ఉంటే గోడ మీద పడిన ఊక పొట్టు అనుకుంటాం. గుర్తుపట్టడానికి తేలిక దారి వెనక రెక్క చూడటం. ఆ రెక్క చివర ఒక్కసారిగా సన్నబడి, చూపుడు వేలు చాపినట్టు ఉంటుంది. చుట్టూ దువ్వెన పళ్లలా పొడవాటి కుచ్చు. ధాన్యం దగ్గర తిరిగే ఎండుగడ్డి రంగు చిలుకకు ఈ వేలు ఉంటే ఇక పెద్దగా అనుమానం అక్కర్లేదు.

పెద్ద చిలుక ఏమీ తినదు. వారం, మహా అయితే రెండు వారాలు బతుకుతుంది. జతకట్టడం, గుడ్లు పెట్టడం, అంతే దాని పని. కాబట్టి ఎగురుతున్న చిలుకను చూసి "ధాన్యం తినేస్తోంది" అనడం సరికాదు. తినడం ఎప్పుడో అయిపోయింది.

ఒక్క గింజలో ఒక జీవితం

ఆడ చిలుక వంద, నూటయాభై దాకా గుడ్లు పెడుతుంది, పరిస్థితులు బాగుంటే అంతకంటే ఎక్కువే. గుడ్డు అర మిల్లీమీటరు. పెట్టినప్పుడు తెల్లగా ఉండి, రోజులు గడిచేకొద్దీ ఎర్రబడుతుంది. గింజ మీది గాడిలోనో, రెండు గింజల సందులోనో, వడ్ల పొట్టు అంచునో అతికించి పోతుంది.

గుడ్డులోంచి వచ్చే లార్వా ఒక మిల్లీమీటరు ఉంటుంది, వెంట్రుక ముక్కలా. దాని బతుకులో అసలైన గండం ఇదే. గట్టి తొక్కను తొలచాలి. తొలచడానికి కాళ్లు ఆనించుకోవాలి, నున్నటి గింజ మీద పట్టు దొరకదు. కొన్ని లార్వాలు చిన్న పట్టు పోగుల్ని అల్లుకుని, దానికి ఆనుకుని తొలుస్తాయి. ఒకసారి లోపలికి వెళ్లిందంటే ఇక తిండి, పడక, మరుగుదొడ్డి అన్నీ అక్కడే. గోధుమ గింజ అయితే ఒక్క లార్వాకే సరిపోతుంది. మొక్కజొన్న గింజలో రెండు మూడు కూడా పెరుగుతాయి. ఒక గోధుమ గింజ బరువులో సగం దాకా ఒక లార్వా తినేయగలదు. వెచ్చగా ఉంటే గుడ్డు నుంచి చిలుక దాకా మొత్తం ఐదు వారాల పని. చలిలో నెలలు పడుతుంది. 16 డిగ్రీల కంటే దిగితే ఎదుగుదల దాదాపు ఆగిపోతుంది.

ఇంటి దొంగను ఈశ్వరుడైనా పట్టలేడంటారు. ఈ ఐదు వారాల్లో గింజను చేత్తో పట్టుకుని చూసినా దొంగ దొరకడు. జల్లెడ పట్టినా, చేటతో చెరిగినా గింజ బరువు ఇంకా తగ్గలేదు కాబట్టి మంచి గింజల్లోనే కలిసిపోతుంది. లోపల బాగా తినేశాక ఉప్పునీళ్లలో వేస్తే తేలుతుంది. ఎక్స్‌రే తీస్తే లోపలి గది కనిపిస్తుంది, గింజల్లో దాక్కున్న పురుగుల్ని లెక్కించడానికి ప్రయోగశాలల్లో ఆ పద్ధతి ఎప్పటినుంచో వాడుతున్నారు. మామూలు మనిషికి మాత్రం మొదటి కబురు చిలుక ఎగిరినప్పుడే.

దీని పెరుగుదల మనల్ని ఎందుకు మోసం చేస్తుందో చిన్న లెక్క వేద్దాం. ఒక ఆడ చిలుక పెట్టిన గుడ్లలో ఎన్నో పోయి 40 చిలుకలే మిగిలాయనుకోండి, అందులో సగం ఆడవి. ఐదు వారాలకు 40. పది వారాలకు 800. పదిహేను వారాలకు 16,000. ఇది కాగితం మీది లెక్కే, నిజంలో తిండి, చలి, శత్రువులు అడ్డు పడతాయి. కానీ ఆకారం మాత్రం ఇదే. మొదటి 40ని ఎవరూ పట్టించుకోరు. 800 వచ్చినప్పుడు "ఏదో ఒకటీ అరా తిరుగుతున్నాయి" అంటారు. తర్వాతి విడతకు "రాత్రికి రాత్రి పట్టేసింది" అంటారు. పట్టింది మూడున్నర నెలల కిందట.

ఆంగూమ్వా రైతులు, ఇద్దరు అకాడమీ మనుషులు

ఈ పురుగుకు ఇంగ్లిష్‌లో ఆంగూమ్వా గింజ చిలుక అని పేరు. ఆంగూమ్వా అంటే నైరుతి ఫ్రాన్స్‌లో, ఆంగులేమ్ పట్టణం చుట్టూ ఉండే పాత రాష్ట్రం. ఉష్ణోగ్రత కొలబద్దకు తన పేరు ఇచ్చిన రెయోమ్యూర్ కీటకాల మీద కూడా పెద్ద గ్రంథం రాశాడు. 1736లో వచ్చిన సంపుటంలో గింజ లోపల బతికే ఈ లార్వాను వర్ణించాడు. అప్పటికి అదొక వింత. ఆ తర్వాత పాతికేళ్లలో ఆంగూమ్వాలో వింత కాస్తా విపత్తు అయింది. పంట చేతికొచ్చినా గింజలు గుల్లలే.

1760లో పారిస్‌లోని సైన్స్ అకాడమీ ఇద్దరిని అక్కడికి పంపింది. ఒకరు ద్యూఆమెల్ ద్యూ మోన్సో, వ్యవసాయం, చెట్లు, ధాన్యం నిల్వల మీద అప్పటికే పేరున్న మనిషి. రెండోవాడు మాత్యూ తియే. గోధుమకు వచ్చే కాటుక తెగులు ఎలా అంటుకుంటుందో పొలంలో మళ్లు వేసి ప్రయోగాలతో తేల్చినవాడు, ఆ తెగులు శిలీంధ్రానికి తర్వాత టిల్లేషియా అని ఆయన పేరే పెట్టారు. ఈ జోడీని ఎంచుకున్నవాళ్లకు దండం పెట్టాలి. ఒకరికి గాదె తెలుసు, ఇంకొకరికి పొలం తెలుసు. ఈ పురుగు సరిగ్గా ఆ రెంటి మధ్య తిరిగేది.

వాళ్లు 1762లో అచ్చు వేసిన పుస్తకంలో ముఖ్యమైన మాట ఒకటుంది. చిలుకలు గాదెలోనే పుట్టి గాదెలోనే ఉండిపోవు. సాయంత్రం వేళ పొలాలకు ఎగిరిపోయి, నిలబడి ఉన్న కంకుల మీద గుడ్లు పెడతాయి. కోతతో పాటు లార్వాలు గింజల్లో కూర్చుని గాదెకు తిరిగి వస్తాయి. గాదెను ఎంత తుడిచినా లాభం ఎందుకు లేదో అప్పుడు అర్థమైంది. విత్తనంగా దాచిన గింజల్లోంచి వసంతంలో చిలుకలు లేస్తే, పొలంలో కంకులు వాటికోసం తయారుగా ఉంటున్నాయి.

ఇదే మాట సముద్రానికి ఆవల కూడా ఒకాయన విడిగా పట్టుకున్నాడు. వర్జీనియాలో ల్యాండన్ కార్టర్ అనే పెద్ద భూస్వామి తన గోధుమను తినేస్తున్న 'ఎగిరే ముక్క పురుగు' గురించి రాసిన వ్యాసం అమెరికన్ ఫిలసాఫికల్ సొసైటీ మొట్టమొదటి సంపుటంలో, 1771లో అచ్చయింది. పేరు తప్పే, అది ముక్క పురుగు కాదు. చూపు మాత్రం తప్పలేదు, పొలం వైపే వేలు చూపించాడు. శాస్త్రీయ నామంలోని రెండో మాట, సెరియలెల్లా, తర్వాత 1789లో ఒలివియే అనే ఫ్రెంచ్ కీటక శాస్త్రవేత్త పెట్టాడు.

ఆ ఇద్దరు అకాడమీ మనుషులు చెప్పిన మందు వేడి. గింజను పురుగు చచ్చేంత వేడి చేయాలి, మొలక చావకుండా ఆగాలి. చెప్పడం సులువు. తిండి గింజకు కాస్త ఎక్కువైనా ఫర్వాలేదు, విత్తనానికి ఆ సందు చాలా ఇరుకు.

కోత పద్ధతి మారితే పురుగు జాతకం మారింది

ఈ చిలుకకు పెద్ద బలహీనత ఒకటుంది. ఒళ్లు సున్నితం. రెక్కల మీది పొలుసులు రాలిపోతాయి. పెంకు పురుగు గింజల కుప్పలో మీటర్ల లోతుకు ఈదుకుంటూ పోగలదు. చిలుక పోలేదు. నూర్చి పోసిన ధాన్యపు కుప్పలో అది పైపొరల్లోనే గుడ్లు పెడుతుంది. లోతున ఉన్న గింజల్లోంచి చిలుక వచ్చినా గింజల బరువు కింద ఇరుక్కుని చస్తుంది.

మరి నూర్చకుండా కంకులతో, మోపులుగా కట్టి, నెలల తరబడి వామి వేస్తే? అప్పుడు ప్రతి కంకి చుట్టూ గాలి సందు ఉంటుంది, చిలుకకు వామంతా రాజమార్గమే. పొట్టు తీయని మొక్కజొన్న కండెలు కుప్ప పోసినా అంతే. అమెరికా తూర్పు ప్రాంతాల్లో గోధుమ మోపులు కొట్టాల్లో నిల్వ ఉన్న రోజుల్లో ఇది రైతులకు నిద్ర లేకుండా చేసింది. కంబైన్ హార్వెస్టర్ వచ్చి, కోసిన రోజే నూర్చి, గింజను లోతైన కుప్పగా పోయడం మొదలయ్యాక దీని బెడద బాగా తగ్గింది. పురుగును చంపాలని ఎవరూ కంబైన్ కనిపెట్టలేదు. అయినా మందుల కంటే అదే ఎక్కువ పని చేసిందేమో అనిపిస్తుంది. కండెలుగా, కంకులుగా, చిన్న సంచుల్లో దాచుకునే చోట మాత్రం ఇది ఇప్పటికీ మొదటి వరస శత్రువే.

గింజకు ఉన్న సహజమైన కవచం కూడా ఇక్కడే పనికొస్తుంది. వడ్ల గింజకు రెండు పొట్టు రేకులు బిగుతుగా కలిసి ఉంటే పసి లార్వా దూరలేదు. ఆ అతుకు కాస్త విచ్చుకున్నా, నూర్పిడిలో పొట్టు పగిలినా దారి దొరికినట్టే. మొక్కజొన్నలో కండెను కొస దాకా గట్టిగా కప్పే పొట్టు ఉన్న రకాలు పొలంలో తక్కువ దెబ్బతింటాయి. దిగుబడి లెక్కలు వేసేటప్పుడు ఈ బిగుతు ఏ లెక్కలోకీ రాదు. గాదెలో తెలుస్తుంది దాని విలువ.

మందు ఎక్కడ పనిచేస్తుంది, ఎక్కడ చేయదు

చిలుక కనిపించగానే స్ప్రే కొట్టడం చేతులు కాలాక ఆకులు పట్టుకోవడమే. గోడల మీద, సంచుల మీద కొట్టిన మందు తిరుగుతున్న చిలుకల్ని చంపుతుంది. గింజల్లో ఉన్నవాటికి తగలదు. నాలుగు రోజులు ప్రశాంతంగా ఉంటుంది, తర్వాత లోపలున్న ప్యూపాల తలుపులు తెరుచుకుంటాయి, "మందు నకిలీది" అని తిట్టుకుంటాం.

గింజ లోపలికి వెళ్లగలిగేవి మూడే. వేడి, చలి, గాలి. 60 డిగ్రీల వేడి గింజ నడిమధ్య దాకా చేరితే నిమిషాల్లో చస్తుంది, 50 డిగ్రీలకు గంటలు పడుతుంది. తక్కువ మోతాదులో ఇంటి ధాన్యమైతే డీప్ ఫ్రీజర్‌లో కొన్ని రోజులు ఉంచితే చాలు. సంచి నడిమి భాగం చల్లబడటానికే బోలెడు టైమ్ పడుతుంది కాబట్టి రోజులు లెక్కపెట్టేది అక్కణ్ణుంచి.

గాలి సంగతి కాస్త వివరంగా చెప్పాలి. లార్వా కూడా ఊపిరి పీలుస్తుంది. గాలి చొరబడని సంచిలో ధాన్యం నింపి బిగిస్తే, గింజలు, పురుగులు, బూజు కలిసి లోపలి ఆక్సిజన్ వాడేసుకుంటాయి. మామూలు గాలిలో 21 శాతం ఉండేది 3 శాతం లోపుకు పడిపోతే పురుగు తినడం మానేసి చస్తుంది. అంటే దొంగ చేతే దొంగకు ఉరి. ఒక్క సూది బెజ్జం ఉంటే మాత్రం అదంతా వృథా. ధాన్యం బాగా ఎండి ఉండాలి కూడా, లేకపోతే పురుగు చచ్చినా గింజ ముక్కిపోతుంది. 12 శాతం దరిదాపుల తేమ బూజును ఆపుతుంది కానీ ఈ చిలుకను పూర్తిగా ఆపదు, అందుకే "బాగా ఎండబెట్టాం కదా" అన్న ధీమా పనికిరాదు.

ఇక పెద్ద గోదాముల్లో వాడే ఫాస్ఫీన్. అల్యూమినియం ఫాస్ఫైడ్ బిళ్లలు గాలిలోని తేమతో కలిసి ఈ వాయువును వదులుతాయి. గింజ లోపలికీ పోతుంది. కానీ గుడ్డు, ప్యూపా దశల్లో పురుగు ఊపిరి చాలా తక్కువ పీలుస్తుంది, కాబట్టి రెండు రోజుల్లో తెరిచేస్తే అవి బతికిపోతాయి. రోజుల తరబడి మూసి ఉంచాలి. ఇది మనిషినీ అంతే తేలిగ్గా చంపే వాయువు. ఇంట్లో, పడుకునే గదుల పక్కన ఈ బిళ్లలు పెట్టడం ప్రాణాలతో ఆడుకోవడమే, ధాన్యం మొత్తం పోయినా సరే ఆ పని చేయకూడదు.

చిలుక వల్ల బతికేవాళ్లు

ఆడ చిలుక మగదాన్ని పిలవడానికి ఒక వాసన వదులుతుంది. 1970 దశకంలో దాన్ని విడదీసి చూస్తే ఒక పాత పరిచయస్తురాలు బయటపడింది. పత్తిని తినే గులాబీ రంగు కాయతొలుచు పురుగు పిలుపులో ఉండే రెండు రసాయనాల్లో ఒకటి అదే. రెండూ ఒకే కుటుంబం పురుగులు. గోదాముల్లో పెట్టే లింగాకర్షక బుట్టల్లో ఈ వాసనే వాడతారు. చిలుకలు మొదలయ్యాయా లేదా తెలుసుకోవడానికి బుట్ట మంచిదే, వాటిని అంతం చేయడానికి మాత్రం కాదు.

ఈ చిలుక లార్వాల మీద బతికే కంటికి కనిపించని నల్లి ఒకటి ఉంది, మంచాల్లో ఉండే నల్లి కాదు, ఇంగ్లిష్‌లో మైట్ అనేది. ధాన్యం, గడ్డి పట్టుకున్నవాళ్ల ఒళ్లంతా దద్దుర్లు లేపేది అదే. 1909లో ఫిలడెల్ఫియా చుట్టుపక్కల కొత్త గడ్డి పరుపుల మీద పడుకున్నవాళ్లకు అంతుబట్టని దద్దుర్లు వస్తే, డాక్టర్ జోసెఫ్ గోల్డ్‌బర్గర్ తన చేతిని ఆ పరుపుల మధ్య పెట్టుకుని చూశాడు. చేతికీ దద్దుర్లు వచ్చాయి, గడ్డిని జల్లిస్తే నల్లి దొరికింది. అది మనిషి కోసం రాలేదు, గడ్డిలోని పురుగుల కోసం వచ్చింది. మధ్యలో మన చర్మం తగిలిందంతే.

అన్నిటికంటే విచిత్రమైన మలుపు 1920 దశకం చివర్లో కాలిఫోర్నియాలో వచ్చింది. స్టాన్లీ ఫ్లాండర్స్ అనే కీటక శాస్త్రవేత్తకు ట్రైకోగ్రామా కావాల్సి వచ్చింది. అది అర మిల్లీమీటరు కందిరీగ, వేరే పురుగుల గుడ్లలో తన గుడ్డు పెట్టి వాటిని చంపుతుంది. లక్షల్లో పెంచాలంటే లక్షల్లో గుడ్లు కావాలి. చవగ్గా, ఏడాది పొడవునా, చిన్న గదిలో అన్ని గుడ్లు పెట్టేది ఎవరు? ఈ వడ్ల చిలుకే. గింజలు పోసి, కావాలని పురుగు పట్టించి, ఎగిరిన చిలుకల్ని పట్టి గుడ్లు పెట్టించి, ఆ గుడ్లను అట్టముక్కల మీద అతికించి కందిరీగల ముందు పెట్టాడు. కందిరీగ సోకిన గుడ్డు నల్లబడుతుంది. ఈరోజు రైతులకు తెలిసిన ట్రైకో కార్డుల వెనక ఉన్న ఆలోచన అదే. చాలాచోట్ల ఇప్పుడు ఈ చిలుక బదులు బియ్యపు చిలుకను పెంచుతున్నారు, కొన్నిచోట్ల ఇంకా దీన్నే.

అలా పెంచే ల్యాబుల్లో లెక్క పూర్తిగా తిరగబడుతుంది. అక్కడ తలుపులు మూసేది చిలుక తప్పించుకోకుండా, గింజల్ని ముందుగా వేడి చేసేది చిలుక లార్వాకు శుభ్రమైన తిండి దొరకాలని. వాళ్లకు ఉన్న పెద్ద టెన్షన్ ఇందాకటి నల్లి. అది ఒకసారి ట్రేల్లోకి దూరిందంటే చిలుక లార్వాలన్నీ తుడిచిపెట్టుకుపోతాయి. తమ గోధుమల్లో పురుగు చచ్చిపోతోందని దిగులుపడేది వాళ్లొక్కరే.